సొలాంజ్‌కు నా గొంతు

2 జూలై 2024, మంగళవారం

ఈరోజు మా గల్లీలో సాంచాలు బంద్. వారం మొత్తంలో ఈ ఒక్క రోజే మరమగ్గాల చప్పుడు లేకుండా మనిషి మాట మనిషి మాటలా వినబడుతుంది. బడి పన్నెండింటికి వదిలారు. ఇంటికొచ్చి, లోపలి గది గోడలకు రజాయిలు కట్టి, కిటికీకి మా ఆయన గణపతి తన కారఖానా నుంచి తెచ్చిన గుడ్డతాను అడ్డం పెట్టి, మైకు ముందు కూర్చున్నాను. చప్పుడవుతుందని ఫ్యాను కూడా వేసుకోలేదు. సూరత్‌లో, లింబాయత్‌లో, మున్సిపాలిటీ తెలుగు బడి పంతులమ్మ ఒకతె తన కోసం చెమటలో తడిసి ముద్దవుతోందని ఆ ఫ్రెంచి తారకు ఏం తెలుసు?

ఆవిడ పేరు సొలాంజ్ మారివెల్. డెబ్బై ఎనిమిదేళ్ళు. ఇంకా నటిస్తూనే ఉంది. ఆవిడ సినిమాల్లో ఎనిమిదింటిని, 1967 నుంచి పోయినేడాది దాకా ఏరి, ఓటీటీ వాళ్ళు కొన్నారు. తెలుగులో ఎనిమిదింటికీ ఒకే గొంతు ఉండాలని, అది నాదే అయి ఉండాలని, హైదరాబాద్‌లో డబ్బింగ్ చేయించే ఉదయశ్రీ పట్టుబట్టింది. లాక్‌డౌన్‌లో పిల్లలకు పాఠాలు చదివి ఫోన్‌లో పంపితే, అవి చేతులు మారి మారి ఈ అమ్మాయి చెవిన పడ్డాయి. అప్పటినుంచి అత్తలకు, నర్సులకు, రెండుసార్లు దయ్యానికి గొంతిచ్చాను. ఇప్పుడు హీరోయిన్‌ను. నలభై ఆరేళ్ళకు!

మొదటి సినిమాలో సొలాంజ్‌కు ఇరవై ఒకటి. రొట్టెల దుకాణంలో పిల్ల. సైకిల్ మీద నవ్వుతూ పోతుంది. ఆ నవ్వు నాలుగుసార్లు నవ్వాను. "సంధ్యగారూ, మీకు నిజంగా ఇరవై ఒకటేనండీ" అంది ఉదయశ్రీ వీడియోలోంచి.

సాయంత్రం గణపతికి చూపించాను. అర నిమిషం ఫోన్ వంక చూశాడు. "మంచిగనే ఉన్నది" అని లేచిపోయాడు. ముప్పై ఏళ్ళుగా కారఖానాలో మాస్టరు పని. ఎనభై మగ్గాలు విని విని ఉన్నాడు, ఆయనకు పెళ్ళాం గొంతు ఎనభై ఒకటోది.

9 జూలై

గొంతు గరగరలాడుతోంది. నవ్వు ఎక్కువైంది.

23 జూలై, మంగళవారం

రెండో సినిమా అయిపోయింది. 1972. టెలిఫోన్ ఎక్స్‌ఛేంజీలో పనిచేసే అమ్మాయి. ఈ రెండింటి మధ్య ఆవిడ పదమూడు సినిమాలు చేసిందట. మొదటి దాంట్లో చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ఊరికే ఊపుతూ ఉంటుంది, పాపం. ఇందులో తెలిసిపోయింది.

నేను మాత్రం గొంతు సవరించుకోకుండా నాలుగు వాక్యాలు చెప్పలేకపోయాను. నూగు, ఇంకేముంది! ఈ గల్లీ గాలి నిండా నూలు నూగే. పక్కింట్లో కండెలు చుట్టే బుచ్చవ్వ నా మాట విని నవ్వింది. "నాది ఇరవై ఏండ్ల సంది గిట్లనే ఉన్నది బిడ్డా. నూగు వోతె పోతది, లేకుంటె లేదు. బెల్లం దిను." సాంచాల మధ్య అరిచి అరిచి ఇక్కడ మగవాళ్ళందరి గొంతులూ పగిలే ఉంటాయి. ఎవరూ ఎవరినీ ఏమైందని అడగరు.

బెల్లం తిన్నాను.

6 ఆగస్టు, మంగళవారం

మూడో సినిమా. 1979. మొగుణ్ణి వదిలేసి రైలెక్కే ఆడమనిషి. స్టేషన్‌లో ఆమె చెప్పే ఆరు వాక్యాల్లో నాలుగో దాని మధ్యన నా గొంతు చీలింది. మళ్ళీ చెప్తానన్నాను. ఉదయశ్రీ వద్దంది.

"ఆ జీర భలే ఉందండీ. ముప్పై మూడేళ్ళ మనిషి, అంత నిర్ణయం తీసుకుని వస్తోంది. ఎలా తెచ్చారు?"

"కావాలనే చేశాను" అని చెప్పాను. అబద్ధం ఎందుకు చెప్పానో తెలియదు. అయినా అది అబద్ధమని ఎందుకనుకోవాలి? పాత్ర పట్టుకుంటే గొంతు దానంతటదే పోతుంది.

27 ఆగస్టు

బెల్లం. మిరియాల పాలు. గల్లీ చివరి డాక్టర్ ఇచ్చిన ఎర్ర మందు. బడిలో పాఠం చెప్పడం తగ్గించి, ఎక్కాలు పిల్లలచేతే చెప్పిస్తున్నాను.

10 సెప్టెంబర్, మంగళవారం

నాలుగోది. 1986. బిడ్డను తనకే ఇమ్మని కోర్టులో వేడుకునే తల్లి. సొలాంజ్‌కు నలభై. ఈ సినిమాకు ఏదో పెద్ద బహుమతి వచ్చిందట. ఆ తర్వాత పదకొండేళ్ళు ఆవిడకు ఒక్క సినిమా లేదు! ఉదయశ్రీ ఒక ఇంటర్వ్యూ పంపింది. నలభై దాటాక నాయికగా పనికిరాదన్నారట, తల్లిగా చేయడానికేమో మరీ అందంగా ఉందన్నారట. అక్క దుకాణంలో పరదా గుడ్డలు కొలిచి అమ్మిందట. "కొన్నాళ్ళకు ఫోన్ మోగినా పరిగెత్తడం మానేశాను" అంది. రెండుసార్లు చదివి ఫోన్ పక్కన పెట్టాను.

చెవుల్లో హెడ్‌ఫోన్ పెట్టుకుంటే ఆవిడ అసలు గొంతు వినబడుతుంది. ఇరవై ఒకటిలో ఎంత తేటగా ఉందో నలభైలోనూ అంతే. అది వాళ్ళ నీళ్ళ మహిమ. మన జనానికి మాత్రం గొంతులో వయసు వినబడాలి. నాది సరైన దారే.

ఉదయశ్రీకి కోర్టు సీన్ ఎంత నచ్చిందో. కళ్ళు తుడుచుకుంది.

10 అక్టోబర్, గురువారం

సద్దుల బతుకమ్మ.

ఈ మైదానంలో పదహారేళ్ళుగా పాట ఎత్తేది నేనే. మా కోరుట్ల వాళ్ళు, సిరిసిల్ల వాళ్ళు, జగిత్యాల వాళ్ళు, ఎందరున్నా మొదటి చరణం నాదే. "పంతులమ్మ వచ్చింది" అంటేనే చప్పట్లు మొదలవుతాయి. ఇవాళా పట్టుచీర కట్టుకుని నిలబడి ఎత్తుకున్నాను. మొదటి మాట వచ్చింది. రెండోది రాలేదు. నోరు తెరిచే ఉంది, చేతులు చప్పట్లు కొడుతూనే ఉన్నాయి, ఊపిరి మాత్రమే వస్తోంది. ఆడవాళ్ళు కాసేపు ఆగారు. వెనకనుంచి బుచ్చవ్వ ఆ పగిలిన గొంతుతోనే అందుకుంది. అందరూ ఆమె వెంట పాడుతూ తిరిగారు. నేనూ తిరిగాను, పెదవులు కదుపుతూ.

సిగ్గేసింది. ఏడుపొచ్చింది. పూలు నీళ్ళలో వదిలేటప్పుడు బుచ్చవ్వ నా చెయ్యి పట్టుకుని, "గిది నూగు గాదు బిడ్డా. జర పెద్ద డాక్టర్‌కు చూపెట్టుకో" అంది. బెల్లం తినమన్నది ఈమే.

16 అక్టోబర్

తాపీ నదికి అవతల, అడాజన్‌లో గొంతు డాక్టర్. గుజరాతీ ఆవిడ, నా వయసే ఉంటుంది. ముక్కులోంచి సన్నటి కెమెరా దింపింది. తెర మీద నా స్వరతంత్రుల్ని చూశాను. ఇన్నేళ్ళు వాటి మీద బతికి ఇవాళే చూడడం. ఒకదాని మీద తెల్లగా, గరుకుగా ఏదో ఉంది. ముక్క తీసి పరీక్షకు పంపింది. వారం తర్వాత రమ్మంది.

గణపతికి నూగు అని చెప్పాను.

23 అక్టోబర్, బుధవారం

క్యాన్సర్.

రాసి చూసుకున్నాను. పంతులమ్మ చేతిరాత, గుండ్రంగానే వచ్చింది.

డాక్టర్ హిందీలో, అక్కను ఇక్కడ పిలిచినట్టు బెన్ అని పిలిచి, నెమ్మదిగా చెప్పింది. "బెన్, ఇది చిన్నగానే ఉంది. ఇప్పుడు మొదలుపెడితే ఆవాజ్ దక్కుతుంది. ఆరున్నర వారాలు రేడియేషన్. ఆ రోజుల్లో గొంతు వాడకూడదు. దివాలీ తర్వాత వస్తానని మాత్రం అనొద్దు." సూరత్‌లో ఎవరిని ఏ పని అడిగినా చెప్పే మాట అదేనని ఆమెకూ తెలుసు.

"నహీ నహీ, జల్దీ ఆవూంగీ" అన్నాను.

24 అక్టోబర్

దివాలీ తర్వాత వెళ్తాను.

ఎందుకంటే, దివాలీకి సాంచాలన్నీ మూడు వారాలు మూతపడతాయి. సంవత్సరమంతా చూసుకున్నా నాకు ఇరవై రోజులు వరసగా నిశ్శబ్దం దొరికేది అప్పుడే. బడికీ సెలవులే. మిగిలింది నాలుగు సినిమాలు. ఇప్పుడు ఆపితే ఆరున్నర వారాలు, ఆ తర్వాత గొంతు కుదురుకోవడానికి ఇంకెన్నాళ్ళో. జనవరిలో సినిమాలు అప్పజెప్పాలి. ఉదయశ్రీ మంచి పిల్లే, కానీ ఇంకొకరిని పెట్టుకోక ఏం చేస్తుంది? అప్పుడు మొదటి నాలుగూ కూడా ఆ ఇంకొకామెతోనే మళ్ళీ చెప్పిస్తారు. ఒకే గొంతు కావాలి కదా.

సొలాంజ్ పదకొండేళ్ళు ఆగి తిరిగొచ్చింది. వస్తుంది, ఆవిడ సొలాంజ్. నేను ఆగితే నన్ను ఎవరు పిలుస్తారు?

మూడు వారాల్లో ఏమవుతుంది? ఏమీ కాదు. జూలై నుంచి ఉన్నదే కదా.

రిపోర్టును బడి పాత రిజిస్టర్ల కింద పెట్టాను.

29 అక్టోబర్

తమ్ముడి ఇల్లు కప్పు వేస్తున్నారని గణపతి ఊరికి బయల్దేరాడు. నన్నూ రమ్మన్నాడు. "నూగు పోతది, ఊరి గాలికి" అన్నాడు. బడి పని ఉందన్నాను. గుమ్మం దగ్గర చెప్పులు వేసుకుంటూ నా ముఖం వంక చూశాడు. "చిక్కినవ్" అన్నాడు. చెప్పేయాలనిపించింది. అంతలో ఆటో వచ్చింది.

5 నవంబర్

ఒక్క మగ్గం కూడా లేదు. గల్లీ గల్లీ అంతా ఎవరో చెవులు మూసినట్టుంది.

ఐదో సినిమా. 1997. సొలాంజ్ తిరిగొచ్చింది. యాభై ఒకటి. ఇల్లు అద్దెకిచ్చే ముసలామె వేషం, పోస్టర్‌లో పేరు ఐదోది. మొదటి షాట్‌లో తలుపు తీసి ఎదుటి మనిషిని చూస్తుందంతే. ఆ చూపులో పదకొండేళ్ళూ ఉన్నాయి. రికార్డింగు ఆపి కాసేపు ఏడ్చాను. తర్వాత ఏడుపు గొంతుకు మంచిది కాదని ఆపేశాను.

11 నవంబర్

ఆరోది అయింది. జడ్జి వేషం. 1986 నాటి ఆ తల్లి ఇప్పుడు బల్లకు అటువైపు కూర్చుంది. పొద్దున గొంతు కొంచెం బాగుంటుంది, పదకొండు దాటితే పూర్తిగా పోతుంది. ఉదయశ్రీ అంటోంది, "మీరు ఒక్కో సినిమాకు ఒక్కో వయసు పెంచుతున్నారండీ. ఇక్కడ స్టూడియోలో కుర్రవాళ్ళకు మీ ట్రాకులు వినిపిస్తున్నాను."

ఈ మాట ఇరవై ఏళ్ళ కిందట ఎవరైనా అని ఉంటే.

14 నవంబర్

ఉమ్ములో ఎరుపు. బీట్‌రూట్ తిన్నానేమో. తినలేదు.

17 నవంబర్

ఏడోది. ముగించాను. నీళ్ళు మింగితే చెవి దాకా నొప్పి.

21 నవంబర్, గురువారం

ఎనిమిదో సినిమా. సొలాంజ్‌కు డెబ్బై ఏడు. ఈత నేర్పే మాస్టరు, ఇప్పుడు మంచం పట్టింది. సినిమా మొత్తంలో ఆవిడ మాటలు పదకొండే. మిగతాదంతా ఊపిరి, మూలుగు, దగ్గు, ఒకచోట మాత్రం చిన్న నవ్వు. డబ్బింగ్‌లో అవీ మేమే ఇవ్వాలి. ఊపిరికి నేను కష్టపడనక్కర్లేకపోయింది.

నేను చివరి మాట చెప్పాక ఉదయశ్రీ కెమెరాకు దగ్గరగా జరిగింది. "యాభై ఆరేళ్ళండీ. ఒకే మనిషిని మీరు యాభై ఆరేళ్ళు మోశారు" అంది. అటువైపు స్టూడియోలో ఎవరో చప్పట్లు కొట్టారు. నేను వీడియో ఆపేసి రజాయిలు విప్పాను.

వీధిలో ఎవరో మగ్గం వేసి చూస్తున్నారు. ఒకటి. రెండు. సోమవారం నుంచి మామూలే.

3 డిసెంబర్, మంగళవారం

అడాజన్ వెళ్ళాను. డాక్టర్ కెమెరా దించి చూసింది. కెమెరా తీసేసి, చేతులు కడుక్కుని, వచ్చి కూర్చుని, "ఎక్కడికి వెళ్ళావు బెన్?" అంది.

స్కాన్ తీశారు. పాకింది. రెండో స్వరతంత్రి కూడా కదలడం లేదు. ఇక రేడియేషన్ ఒక్కటే చాలదు. స్వరపేటిక మొత్తం తీసేయాలి. గొంతు కింద రంధ్రం పెడతారు, ఊపిరి అందులోంచి. మాట ఉండదు.

ఇంటికి నడిచే వచ్చాను, తాపీ వంతెన మీదుగా. అంత దూరం ఎలా నడిచానో తెలియదు.

6 డిసెంబర్

ఊరినుంచి తిరిగొచ్చిన గణపతిని క్యాన్సర్ ఆసుపత్రికి తీసుకుపోయాను. అక్కడి సర్జన్‌కు అక్టోబర్ సంగతి తెలియదు. కొత్త స్కాన్ ఒక్కటే చూపించాను. "ఇప్పుడే బయటపడ్డదంట" అని గణపతికి చెప్పాను. ఆయన కాగితాన్ని తిప్పి తిప్పి చూశాడు, ఇంగ్లీషు రాదు.

"గింత జల్ది గింత పెద్దగయితదా?" అన్నాడు.

"అయితదట."

బయట బెంచీ మీద కూర్చుని కళ్ళు తుడుచుకున్నాడు. ఈయన ఏడవగా నేను చూడడం ఇదే మొదటిసారి.

16 డిసెంబర్, సోమవారం

రేపు పొద్దున ఆపరేషన్. ఆసుపత్రి మంచం మీద రాస్తున్నాను. బుచ్చవ్వ వచ్చి వెళ్ళింది. నా అరచేతిని తన చెంపకు ఆనించుకుని కూర్చుంది. ఉదయశ్రీకి మొన్న నా గొంతు సంగతి మెసేజ్ పెట్టాను. అయిదుసార్లు ఫోన్ చేసింది, ఎత్తలేదు. తర్వాత ఒక మెసేజ్: "నేను మెచ్చుకుంటూ కూర్చున్నాను." నీ తప్పేం లేదని రాశాను. నిజంగానే లేదు.

గణపతి అన్నాడు, "ఏమన్న మాట్లాడు సంధ్యా. ఏదన్న సరే."

ఎన్ని పాత్రల మాటలు నోటికొచ్చు! ఒక్కటీ రాలేదు. "ఇంట్ల ఉల్లిగడ్డ లేదు, తెచ్చుకో" అన్నాను.

9 జనవరి 2025

ఇల్లు. మెడ చుట్టూ గుడ్డ. ముక్కులో గొట్టం తీసేశారు, జావ తాగుతున్నాను. ఇంకా కరెంటు పెట్టించుకోవాలి, రేడియేషన్‌ను ఇక్కడి మా వాళ్ళు అలాగే అంటారు.

ఆసుపత్రిలో నర్సు పలకా బలపం ఇచ్చింది. పంతులమ్మకు పలక! దాని మీద "మంచినీళ్ళు" అని రాస్తుంటే, రాయడం పూర్తికాకముందే గణపతి గ్లాసు అందించాడు. మూడు రోజులు ఇదే. నాలుగో రోజు పలక తీసి మంచం కింద పెట్టేశాడు.

"గిదెందుకు? నువ్వు నోరు గదుపు. సాంచాల మీద ముప్పై ఏండ్లు జేసిన. ఆడ ఎవ్వని మాట వినవడ్డది? పెదవులు జూసుడే. సేటు తిట్టినా పెదవులే, పోరడు ఛాయ్ తెమ్మన్నా పెదవులే. నాకు చెవులు పదేండ్ల కిందనే సగం వోయినయ్. నీ మాట గుడ నేను పెదవులు జూసే వింటున్న."

నాకు తెలియదు. మాట్లాడుతుంటే ఎప్పుడూ నోటి వంకే చూసేవాడు. అది ఆయన అలవాటనుకున్నాను. ఇరవై నాలుగేళ్ళు కాపురం చేసి నాకు తెలియదు!

ఇప్పుడు ఇంట్లో ఏ ఇబ్బందీ లేదు. కూర ఏం వండమంటావని నేను పెదవులు కదుపుతాను, ఆయన వంకాయ అంటాడు. ఏదో అని విసుక్కుంటాను, తిరిగి విసుక్కుంటాడు. ముందు ఎలా ఉందో అలాగే ఉంది. దేని కోసం చచ్చేంత పని చేశానో అది పోయినా ఈ మనిషికి ఏమీ పోలేదు. దీనికి సంతోషించాలి. పొద్దంతా ఏడ్చాను. చప్పుడు లేని ఏడుపు ఆయన వంటింట్లోంచి ఎలా వింటాడు? వినలేదు.

11 ఫిబ్రవరి, మంగళవారం

సినిమాలు ఓటీటీలో వచ్చాయి, ఎనిమిదీ. చివర్లో పేర్లలో నా పేరుంది. బుచ్చవ్వ మనవరాలు వచ్చి గణపతి ఫోన్‌లో పెట్టిచ్చి పోయింది. సాంచాలు లేవు కాబట్టి ఆయన ఇంట్లోనే ఉన్నాడు. సౌండ్ మొత్తం పెంచి నా పక్కన కూర్చున్నాడు. రొట్టెల దుకాణం, సైకిల్. రెండు నిమిషాలు కాకముందే కళ్ళు నలుపుకున్నాడు.

"నీకు బాధైతదేమో గని, నేను జూడలేను. ఆమె పెదవులు ఒకటంటయి, గొంతు ఇంకోటంటది. నాకు ఏ మాటా తెల్వది, తల తిరుగుతది. నువ్వు జూపెట్టినప్పుడల్లా గందుకే లేసిపోతుంటి."

ఇన్నేళ్ళు ఆయన లేచిపోవడాన్ని నేను ఏమనుకున్నానో ఈ డైరీలోనే ఉంది.

ఫోన్ తీసుకుని నా వెనక కిటికీలో పెట్టాను, తెర గోడవైపు తిప్పి. ఆయనకు ఎదురుగా కూర్చున్నాను. మాటలన్నీ నాకు నోటికే వచ్చు. వెనకనుంచి జూలై నాటి నా గొంతు వస్తుంటే, దానికి సరిగ్గా పెదవులు కలిపాను. రొట్టెల ధర చెప్పాను. ఎదురింటి కుర్రాణ్ణి ఆటపట్టించాను. సైకిల్ ఎక్కి నవ్వాను. గణపతి కదలకుండా చూశాడు. కాసేపటికి ఆయనా నవ్వాడు.

"గీ గొంతు నీదేనా!" అన్నాడు.

అంతటితో ఆపాల్సింది. నేను ఆపలేదు. గర్వం. మీటనొక్కి కోర్టు సీన్ పెట్టాను, అందరూ మెచ్చుకున్నది కదా. బిడ్డను నాకిమ్మని వేడుకున్నాను. సగంలో ఆయన చెయ్యెత్తాడు.

"గిది ఎప్పటిది?"

సెప్టెంబర్, అన్నాను పెదవులతో.

"సెప్టెంబర్లనే గొంతు గిట్లున్నదా? గింత ఖరాబైనంక గుడ డాక్టర్ దగ్గరికి పోలేదా నువ్వు?"

లేదని అంటే అయిపోయేది. పెదవుల మీద అబద్ధం కూడా చదివేస్తాడని భయమేసిందో, ఇక మోయలేకపోయానో. పోయాను, అన్నాను. అక్టోబర్‌లో. అప్పుడే చెప్పారు. నేనే ఆగాను. సినిమాలు పూర్తి కావాలని.

గోడవైపు తిరిగిన ఫోన్‌లోంచి నా గొంతు ఇంకా బిడ్డను అడుగుతోంది. ఆయన లేచి దాన్ని ఆపలేదు. మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని కొంచెం ముందుకు వంగాడు.

"అప్పుడే కరెంటు వెట్టిస్తే గొంతు దక్కునా?"

దక్కేది, అన్నాను.

నా నోటి మీదనుంచి చూపు తీయలేదు. ఎనభై మగ్గాల అవతల నిలబడి సగం మాటకే అర్థం చేసుకునే మనిషి.

"మళ్ల అను" అన్నాడు.

మళ్ళీ అన్నాను.